చేతికివ్వని ఉప్పు

కాదు, తౌంగ్ పే ఆ రోజు నవ్వింది ఉప్పుకి కాదేమో. నవ్వి, కలం ఆపి, కళ్ళజోడు పైనుంచి చూశాడు. అంతవరకు బాగా గుర్తుంది. ఆ చూపులో ఏముంది? వేళాకోళమా? జాలా? ఒక మనిషి ఇరవయ్యేళ్ళు నీ ఎదురుగా కూర్చుని నువ్వు పలికిన ప్రతి మాటా కాగితం మీద పెట్టాక కూడా అతని చూపు ఒకటి నీకు అర్థం కాకుండా మిగిలిపోయిందంటే తప్పెవరిది?

కూర్మనాథం బెంచీ మీద కొంచెం జరిగాడు. చెమటకి లుంగీ తొడలకి అంటుకుపోతోంది.

పోయిన వారం మనం అతన్ని వదిలిపెట్టింది ఈ బెంచీ మీదే. బర్మా సైనిక ప్రభుత్వం వాళ్ళది, బయట పేరు రాసి ఉండని ఆ కార్యాలయంలో, రెండో అంతస్తు వరండాలో, ఆకుపచ్చ తలుపుకి ఎదురుగా. జేబులో నిన్న వచ్చిన చీటీ ఉంది. ఉదయం పది గంటలకు హాజరు కావాలి అని ఉంది గాని ఎందుకో లేదు. ఎందుకో అతనికి తెలుసు. నలభై ఒక్క రోజుల కిందట లత పేటలో టీ కొట్టు ముందు తౌంగ్ పేని జీపు ఎక్కించుకుపోయారు. కాలేజీ హాస్టల్లో ఒక సినిమా కథ దొరికింది. సైన్యానికి గిట్టనిది, ఎవరూ తియ్యలేని కథ. కుర్రాళ్ళు స్టెన్సిల్ మీద కాపీలు తీసుకుని, పాత్రలు పంచుకుని, పైకి చదువుకుంటున్నారు. దాని మొదటి ప్రతి మీద రచయిత పేరు లేదు. చేతిరాత తౌంగ్ పేది. మాటలు కూర్మనాథానివి. ఈ రెండో సంగతి లోకంలో ముగ్గురికే తెలుసు. తౌంగ్ పేకి, కూర్మనాథానికి, కూర్మనాథం భార్య తాయారమ్మకి.

ఆ ఏర్పాటులో మొదట మోసమేమీ లేదు. కూర్మనాథం తండ్రి రేవులో బియ్యం బస్తాలు మోసినవాడు. యుద్ధంలో తెలుగువాళ్ళంతా కాలినడకన కొండలు దాటి పోతుంటే, ఆయన కాలు విరిగి, కుటుంబంతో సహా ఇక్కడే ఉండిపోయాడు. కొడుకు బర్మా బడి మెట్లు ఎక్కలేదు. యర్రయ్య పంతులు దగ్గర తెలుగు అక్షరాలు దిద్దాడు, వీధిలో బర్మా మాట నేర్చాడు. మాట వచ్చింది, రాత రాలేదు. ఇరవై రెండో ఏట స్టూడియోలో దీపాలు మోసే పనికి చేరాడు. ఒకనాడు కథానాయికకి ఒక మాట నోట పట్టక షూటింగు ఆగిపోతే, మూల నిలబడిన కూర్మనాథం, "ఆవిడ అలా అనదండీ, ఇలా అంటుంది," అన్నాడు. దర్శకుడు కొట్టడానికి వచ్చి, సగం దారిలో ఆగి, ఆ మాట రాసుకున్నాడు.

అక్కణ్ణుంచి పదకొండు సినిమాలకి తెర మీద 'కో కూ' అన్న పేరు పడింది. 'కో' అంటే అన్న; కూర్మనాథంలో 'కూ' అంతే పలికింది వాళ్ళ నోటికి. సైన్యం గద్దెనెక్కిన రెండేళ్ళకి, విదేశీయుల కార్డు ఉన్నవాడి పేరు వేస్తే తన స్టూడియోకి చేటు వస్తుందని యజమాని కాళ్ళావేళ్ళా పడ్డాడు. అప్పుడే చుట్టపక్కాలందరూ ఓడలెక్కి విశాఖపట్నం పోయారు. కూర్మనాథం పోలేదు. తాయారమ్మకి చెప్పిన కారణం వేరు. లోపలి కారణం ఒకటే. అక్కడ తన చేత మాట్లాడించే మనుషులు లేరు. అతని తలకాయలో ఏడుపూ తిట్టూ మారాం అన్నీ బర్మాలోనే పుడతాయి.

అప్పటినుంచి పేరు, స్టూడియోలో రాతపని చేసే బర్మా మనిషి తౌంగ్ పేది. ఇరవై మూడు సినిమాలు, టెలివిజన్ వచ్చిన ఈ మూడేళ్ళలో వారానికొక అరగంట నాటకం. కూర్మనాథం గదిలో ఈ గోడ నుంచి ఆ గోడకి తిరుగుతూ ఒక్కో పాత్రా తనై మాట్లాడేవాడు. తౌంగ్ పే చాప మీద బాసింపట్టు వేసుకుని రాసేవాడు. మాటల జోరు ఎక్కువైతే, కలం అందుకోలేకపోతే, ఒక పొడి దగ్గు దగ్గేవాడు. ఆగు అని దానర్థం. మధ్యలో ఎక్కడైనా కలం ఎత్తి, "మావాళ్ళు అలా చెయ్యరు, కూ," అనేవాడు. అన్నంలో రాయి తీసినట్టు దాన్ని తీసి పక్కన పెట్టేవాడు.

తౌంగ్ పేకి పతకం ఇచ్చిన రోజు కూర్మనాథం వెనక వరసలో కూర్చుని చప్పట్లు కొట్టాడు. ఇంటికొచ్చి చూసుకుంటే అరచేతులు ఎర్రగా కమిలి ఉన్నాయి. అంత గట్టిగా ఎందుకు కొట్టాడో ఆ రోజు ఆలోచించలేదు. ఇప్పుడు ఆలోచిస్తున్నాడు. ఈ నలభై ఒక్క రోజులూ ఆలోచించింది అది కూడా కాదు. జీపు కదిలి మలుపు తిరిగేలోగా, టీ కొట్టు స్తంభం వెనక నిలబడి ఉన్న తన లోపల, ఒక్క రెప్పపాటు, ఏదో తేలికపడింది. పేరు నీదేగా, ఇదీ మొయ్యి. అంతే. తర్వాత భయం వచ్చింది, దుఃఖం వచ్చింది, అన్నం సహించకుండా పోయింది. కానీ మొదట వచ్చింది అది. దాన్ని బయటికి తీసి చూస్తాడు, మళ్ళీ లోపల పెట్టేస్తాడు. నాలుక పుచ్చిపన్నుని వెతుక్కుంటూ పోయినట్టు మనసు తిరిగి అక్కడికే పోతుంది.

పొద్దున తాయారమ్మ గుమ్మంలో అడ్డంగా నిలబడింది.

"ఏటయ్యా, తెల్ల సొక్కా ఏసినావు? పెల్లికెల్తన్నావా?"

"మాసిన సొక్కాతో ఎల్తే బయపడినాననుకుంటారు."

"అనుకోనీ. బయపడినోల్నే ఇంటికి పంపుతారు." ఆమె అతని కాలరు సరిచేసింది. సరిగ్గానే ఉన్న కాలరుని. "ఇదిగో, ఇను. నీ పేరు ఎక్కడా నేదు. కాయితం మీద నేదు, తెర మీద నేదు. ఇన్నాల్లూ అదే కదా నీ ఏడుపు. ఈయాల అదే మన గొడుగు. ఎల్లి ఎల్లి ఆ గొడుగు ముడిసీకు."

"మరి తౌంగ్ పే?"

తాయారమ్మ వక్కపలుకు ఒకటి నోట్లో వేసుకుని చాలాసేపు నమిలింది.

"ఆయన నాకు అన్నలాంటోడు. మన గుమ్మంలో తిన్నాడు, మన సాప మీద తొంగున్నాడు. నాకు నెప్పి నేదా? గానీ ఆయనకి ఈ దేసం ఉంది. నీకేటుంది? ఓ కార్డు ముక్క. నిన్ను తోసీడానికి దస్త్రం కూడా అక్కర్నేదు ఈల్లకి."

"నాను ఏటీ సెప్పను."

"ఏటీ సెప్పకు. సెప్పేదేటీ నేదు నీ కాడ. తాల్లు అమ్ముకుంటావు, అంతే."

అతను మెట్లు దిగాడు. ఆమె వెనకనుంచి పిలవలేదు.

వరండా చివర అడుగుల చప్పుడు వినిపించింది. బంట్రోతు లింగరాజు వస్తున్నాడు. ఖాకీ చొక్కా, ఎర్ర గళ్ళ లుంగీ, చేతిలో పళ్ళెం. గంజాం నుంచి వచ్చిన కుటుంబం. కూర్మనాథం పేటలోనే నాలుగిళ్ళ అవతల ఉంటాడు. పొద్దున నీళ్ళ కుళాయి దగ్గర బావా అంటే బావా అనుకునే మనుషులు, ఈ వరండాలో గంట నుంచీ ఒకరి ముఖం ఒకరు చూసుకోలేదు. లింగరాజు బెంచీ దగ్గరికి వచ్చి, పళ్ళెం చివర పెట్టి, చెప్పు సరిచేసుకుంటున్నట్టు వంగాడు. పళ్ళెంలో రెండు పచ్చి మామిడికాయలు, ఒక చాకు, కారం పొట్లం, గాజు గిన్నెలో ఉప్పు.

"బావా, తల ఎత్తకు."

"ఎత్తనేదు."

"నిన్న లోపలున్న దొర నన్ను పిలిసినాడు. ఏరా, మీ కొరంగీలు ఉప్పు సేతికి ఇవ్వరటగదా అన్నాడు." తెలుగువాళ్ళకి ఈ ఊరివాళ్ళు పెట్టిన పేరది. ఎన్నడో తాతల కాలంలో కోరంగి రేవులో ఓడెక్కి వచ్చినందుకు. "నాకేటి తెలుసు బాబూ, మా ఆడది నన్ను వంటింట్లోకి రానిస్తే గదా అన్నాను. నవ్వినాడు. ఆ నవ్వు నాకు నచ్చనేదు."

"ఉప్పేటి? ఉప్పు ఊసు ఆయనకెందుకూ?"

"ఆ కాయితాల కట్టలో ఒక్కసోట ఎర్ర పెన్సిలు గీత ఉంది, నాను సూసినాను. ఇంకో మాట. పదేల్లుగా ఈయనకి మామిడికాయ తెస్తన్నాను. ఉప్పు గిన్ని ఎప్పుడూ తన ఏపే ఎట్టించుకుంటాడు. ఈయాల నీ కుర్సీ ఏపు ఎట్టమన్నాడు."

కూర్మనాథానికి అర్థం కావడానికి కొంచెం టైము పట్టింది. తను ఉప్పు ఎలా అందిస్తాడో చూడబోతున్నారు.

"అడుగుతాడు బావా. సేతికిచ్చీ. పున్నెం పాపం తరవాత సూసుకుందుం. ఓ తగువొస్తే ఒచ్చింది, ఈయనతో మనకేటి సుట్టరికమా?" లింగరాజు లేచి పళ్ళెం అందుకున్నాడు. గొంతు మార్చి, బర్మా మాటలో, అందరికీ వినపడేలా, "దారిలో కాళ్ళు చాపకూడదు, పెద్దాయనా," అని గదమాయించి లోపలికి పోయాడు.

ఉప్పు.

హాస్టల్లో దొరికిన ఆ కథలో ఉప్పుకల్లాల ఊరు ఒకటి ఉంది. అందులో ఒక తల్లి. ఆమె కొడుకుని సైన్యం మూటలు మొయ్యడానికి తీసుకుపోతుంది, వాడు తిరిగి రాడు. వాడి పేరు జాబితాలో రాయించింది పక్కింటి పెద్దమనిషి. ఆ పెద్దమనిషి భార్య ఎప్పటిలాగే రోజూ ఉప్పుకి వస్తుంది. ఈ తల్లి రోజూ ఇస్తుంది. గుప్పెడు ఉప్పు తెచ్చి పిట్టగోడ మీద పోసి, రెండడుగులు వెనక్కి వేసి నిలబడుతుంది. అవతలి మనిషి తీసుకుని పోతుంది. మాట ఉండదు. ఆ ఒక్క దృశ్యం కోసమే కూర్మనాథం మిగిలిన కథంతా చెప్పాడు. ఆమె ఉప్పు చేతికివ్వదు. ఇస్తే తగువొస్తుంది. తగువంటూ ఒకసారి మొదలైతే ఆమె ఇక ఆపలేదు.

ఇందులో చెప్పడానికేముంది, అందరి ఇళ్ళలోనూ అంతేగా అనుకున్నాడు. చిన్నప్పుడు ఉప్పు చేతికి అందించబోతే తల్లి అప్పలమ్మ గరిటెతో మణికట్టు మీద కొట్టింది. ఆ దెబ్బ తర్వాత అతని చెయ్యి మళ్ళీ ఆలోచించలేదు. యాభై ఏడేళ్ళు ఈ ఊళ్ళో బతికాడు, ఈ ఊరి ఆడవాళ్ళ నోట్లో వేల మాటలు పెట్టాడు. వాళ్ళు ఉప్పు ఎలా ఇచ్చుకుంటారో చూడలేదు.

ఆకుపచ్చ తలుపు తెరుచుకుంది.

లోపలి అధికారి ఊ చిట్ సేయిన్ యాభై దాటిన మనిషి; 'ఊ' అంటే ఇక్కడ పెద్దలకి పెట్టే 'గారు'. తెల్ల చొక్కా, పొట్టిగా కత్తిరించిన జుట్టు, చదువు చెప్పే పంతులు ముఖం. లేచి నిలబడి కుర్చీ చూపించాడు. గదిలో పంకా తిరుగుతోంది గాని గాలి లేదు. అతని వెనక ఇంకో తలుపు ఉంది, మూసి ఉంది. బల్ల మీద కాగితాల కట్ట. ఉప్పు గిన్నె కూర్మనాథం వైపే ఉంది.

"కూర్చోండి, ఊ కూ. అలా పిలవచ్చు కదా? కుర్రతనంలో తెర మీద ఈ పేరు చూసేవాణ్ణి. ఎన్ని సినిమాలు రాశారు?"

"పదకొండు."

"ఆ తర్వాత?"

"మానేశాను. మావగారి తాళ్ళ దుకాణం చూసుకుంటున్నాను."

"తాళ్ళా?"

"కొబ్బరి తాళ్ళు. పడవలవాళ్ళు కొంటారు."

"తాళ్ళు అమ్మే మనిషి ఇంటికి తౌంగ్ పే వారానికి నాలుగు రోజులు ఎందుకొచ్చేవాడు?"

"చదరంగం ఆడేవాళ్ళం."

"ఎవరు గెలిచేవారు?"

"ఆయనే."

"ఇరవయ్యేళ్ళూనా?"

"ఇరవయ్యేళ్ళూ."

ఊ చిట్ సేయిన్ నవ్వలేదు. మామిడికాయ ఎడంచేత పట్టుకుని తొక్క తియ్యడం మొదలుపెట్టాడు. తొక్క తెగకుండా ఒకే తీగలాగా కిందికి దిగుతోంది.

"ఈ కథ నేను మూడుసార్లు చదివాను. రెండుసార్లు ఉద్యోగానికి. మూడోసారి ఎందుకు చదివానో తెలీదు. ఇంట్లో చదివాను. మా ఆవిడ పక్కనే ఉంది, పైకి చదవమంది. చదవనన్నాను." చాకు ఆపాడు. "చాలా బాగుంది."

కూర్మనాథం చెవుల్లో వేడి పుట్టింది. ముందు భయమనుకున్నాడు. కాదని తెలిసి సిగ్గుపడ్డాడు. తన రాత బాగుందని తన ముఖం మీద చెప్పినవాడు ఇరవయ్యేళ్ళలో ఇతనొక్కడే. ఆకలితో ఉన్నవాడి కడుపు వంట వాసనకి ఎలా కదులుతుందో అలా కదిలింది లోపల. వండుతున్నది ఎవరో దానికి అక్కర్లేదు.

"తౌంగ్ పే బాగా రాస్తాడు," అన్నాడు.

"తౌంగ్ పే దస్తూరీ బాగుంటుంది," అన్నాడు ఊ చిట్ సేయిన్.

అతను చాకు మళ్ళీ తొక్క మీద పెట్టాడు.

"మాది దలా. నదికి అవతల. మా నాన్న పడవ నడిపేవాడు. పక్కింట్లో మీ కొరంగీ ఆవిడ ఒకామె ఉండేది, తులసమ్మ. ఉప్పు తెమ్మని మా అమ్మ నన్ను పంపేది. తులసమ్మ ఉప్పు తెచ్చి గోడ మీద పెట్టి వెనక్కి జరిగేది. నా చేతిలో ఎన్నడూ పెట్టలేదు. మా అమ్మ వెళ్ళినా అంతే. మమ్మల్ని అంటుకుంటే మైల అనుకుంటోందని మా అమ్మ మనసులో పెట్టుకుంది. పదేళ్ళు. పదేళ్ళూ ఆ ఇంటి ఉప్పు తింటూ ఆ ఇంటిని తిట్టుకుంది. ఒకనాడు ఉండబట్టలేక గోడ మీది ఉప్పు నేలకి ఊడ్చేసి, నా చెయ్యి అంత మురికిదా అని అడిగేసింది."

"ఆవిడేమంది?"

ఆ మాట తన నోటినుంచే వచ్చిందని కూర్మనాథానికి ఆలస్యంగా తెలిసింది. కథ ఎక్కడ ఆగినా తర్వాతేమిటని అడగడం అతని జబ్బు.

"ఏడ్చింది. చేతికిస్తే నీకూ నాకూ తగువొస్తుందమ్మా, నీతో తగువు పడి ఈ ఊళ్ళో నేను ఎలా బతకను, అంది." ఊ చిట్ సేయిన్ కాగితాల కట్టలో ఒక పుట తెరిచి కూర్మనాథం వైపు తిప్పాడు. పెన్సిలు గీత ఎర్రగా, సన్నగా ఉంది. "ఈ రచయిత ఒక బర్మా తల్లి చేత ఆ పని చేయించాడు. ఏ బర్మా ఇంట్లోనూ అలా చెయ్యరు. తౌంగ్ పే మాండలే వైపు పల్లెటూరివాడు. నేను అడిగాను ఆయన్ని, ఇదెక్కణ్ణుంచి వచ్చింది అని. నలభై రోజుల్లో ఆయన నవ్వింది ఆ ఒక్కసారే. నవ్వి మళ్ళీ నోరు మూసేసుకున్నాడు."

ఆ నవ్వు కూర్మనాథానికి కళ్ళకి కట్టింది. తన గదిలో, చాప మీద, కలం ఆపి నవ్విన నవ్వే.

"గోడ మీద ఎందుకు పెడుతుంది?" అని అడిగాడు ఆ రోజు తౌంగ్ పే.

"మరెలా ఇస్తారు?" అన్నాడు తను, నడక ఆపకుండానే.

అప్పుడు నవ్వి, చూసి, రాసేశాడు. మావాళ్ళు అలా చెయ్యరు, కూ, అనలేదు. ఇరవయ్యేళ్ళు ఇలాంటివన్నీ ఏరి పారేసినవాడు, తప్పని తెలిసి తెలిసి, ఈ ఒక్కదాన్ని ఉంచేశాడు.

ఎందుకు? తమ ఇద్దరి పనిలో నిజంగా పని అనదగ్గది ఇదొక్కటేనని, దీని మీద ఒకచోటైనా కూర్మనాథం వేలిముద్ర ఉండాలని ఉంచాడా? లేక ముందుచూపుతో, ఎప్పుడైనా ఇది దొరికితే దీని అసలు మనిషి దాకా దారి ఉండాలని ఉంచాడా? స్నేహమా, తాడా? చూపు తనకి అర్థం కాలేదు ఎందుకంటే అందులో ఆ రెండూ ఉన్నాయేమో. తన చప్పట్లలో రెండూ లేవా?

"చట్టం దగ్గర ఒక తేడా ఉంది," అంటున్నాడు ఊ చిట్ సేయిన్. మామిడి ముక్కలు పళ్ళెంలో వరసగా పేరుస్తున్నాడు. "తనే కల్పించి రాసినవాడికి ఇరవయ్యేళ్ళు. ఇంకొకడు చెప్తుంటే రాసిపెట్టిన ముసలాయనకి రెండు, మంచి నడవడి అయితే ఇంకా తక్కువ. తౌంగ్ పేకి అరవై రెండు. మొన్న దగ్గితే నెత్తురు పడింది. ఇరవై అంటే ఆయనకి ఎంతో మీకూ తెలుసు, నాకూ తెలుసు. పక్క గదిలోనే ఉన్నాడు. రెండు గంటలకి మింగళాడోన్ సైనిక స్థావరం నుంచి ఆయన్ని తీసుకుపోవడానికి బండి వస్తుంది. ఈలోగా నేను ఫైలు మూసెయ్యాలి."

"నన్ను ఏం చెప్పమంటారు?"

"ఏమీ చెప్పొద్దు. మీ చేత వాంగ్మూలం రాయించను. రాయడం మీకు రాదటగా." ఆ మాటలో ఎగతాళి లేదు. సొరుగులోంచి ఒక రబ్బరు ముక్క తీసి ఎర్ర గీత పక్కన పెట్టాడు. "మీరు పుట్టింది ఇక్కడే. ఆ అలవాట్లన్నీ ఎప్పుడో పోయి ఉండచ్చు. పోయి ఉంటే ఈ గీత నేనే చెరిపేస్తాను. తౌంగ్ పే రాసినట్టే, తౌంగ్ పే కల్పించినట్టే. మీరు మీ తాళ్ళ దుకాణానికి వెళ్ళచ్చు. ఇంకెప్పుడూ పిలవను. పోకపోతే ఆ ఇరవయ్యేళ్ళు మీవి." మామిడి ముక్క ఒకటి ఎడంచేతి రెండు వేళ్ళతో పట్టుకుని, కుడిచెయ్యి బల్ల మీదుగా ముందుకి చాచాడు. అరచెయ్యి పైకి తెరిచి ఉంది. "ఆ ఉప్పు ఇలా ఇవ్వండి."

కూర్మనాథం గిన్నె అందుకున్నాడు. చల్లగా ఉంది. ఉప్పు మధ్యలో తడికి గడ్డకట్టి ఉంది.

ఎదుటి అరచేతికీ తన చేతికీ మధ్య జానెడు దూరం. ఎంత తేలిక! గిన్నె పెట్టాల్సిన పని కూడా లేదు, రెండు పలుకులు చేత్తో తీసి వేస్తే చాలు. తాయారమ్మ ఇప్పుడు పొయ్యి మీద ఎసరు పెట్టి, మెట్ల మీద చప్పుడుకి చెవి ఒగ్గి ఉంటుంది. గొడుగు ముడిసీకు. సరే, ముడవను. చేతికిచ్చేస్తాను.

చెయ్యి కదలలేదు.

భయమా? భయమైతే కదలాలి కదా. అయితే మంచితనమా? మంచితనం కూర్మనాథానికి తన మీద ఉన్న నమ్మకాల్లో ఒకటి కాదు. టీ కొట్టు స్తంభం వెనక ఆ రెప్పపాటు తేలికతనం అతనికి గుర్తుంది. మరి ఇదేమిటి? తౌంగ్ పేని బతికించాలన్న కోరికా? లేక, ఇరవయ్యేళ్ళ తర్వాత, ఇంతమందిలో దాన్ని సరిగ్గా చదివిన ఈ ఒక్క పాఠకుడికి, నాదే, ఆ తల్లి నాది, ఆ గోడ నాది అని చెప్పుకోవాలన్న దురదా? గొడుగు కింద తడవకుండా చావడం ఇష్టం లేకపోవడమా? రెంటినీ విడదీసి చూద్దామని ప్రయత్నించాడు. తన పాత్రలైతే ఎంత సులువుగా విడదీసేవాడు. తల్లి ఇందుకు చేసింది, పెద్దమనిషి అందుకు చేశాడు అని గదిలో తిరుగుతూ చెప్పేసేవాడు. ఇక్కడ చెప్పేవాడు లేడు. తను చేయబోతున్న పని మంచిదో, ఉత్త గర్వమో తెలియకుండానే చెయ్యాలి. తెలిసే దాకా ఆగితే రెండు గంటలవుతుంది.

ఊ చిట్ సేయిన్ అరచెయ్యి ఇంకా చాచే ఉంది. వణకడం లేదు. అలవాటైన చెయ్యి.

మూసి ఉన్న తలుపు వెనక ఎవరో దగ్గారు. పొడి దగ్గు, చిన్నది. ఆ దగ్గు ఎన్ని వేలసార్లు విన్నాడో. ఆగు, కూ, కలం అందుకోవడం లేదు. ఇప్పుడది నెత్తురు దగ్గో, ఆగమని చెప్పే దగ్గో, తను ఈ గదిలో ఉన్నట్టు తౌంగ్ పేకి తెలుసో తెలీదో, కూర్మనాథానికి తెలియలేదు.

అతను ఆగాడు. ఆ దగ్గుకి ఎప్పుడూ ఆగినట్టే, ఒక ఊపిరి సేపు.

తర్వాత ముందుకి వంగి, ఉప్పు గిన్నెని చాచిన అరచేతి పక్కన, బల్ల మీద, చప్పుడు కాకుండా పెట్టి, తన చెయ్యి వెనక్కి తీసుకున్నాడు.